పులికాట్ ఒడ్డున సుయేడా ప్రజాతిని గుర్తించడం: తిరుపతి నుంచి బయలుదేరే వృక్షశాస్త్ర అభ్యాసకులకు సమగ్ర మార్గదర్శి

తిరుపతిలో వృక్షశాస్త్రం చదివేవారి చూపు సహజంగా శేషాచలం వైపే ఉంటుంది. ఎర్రచందనం, తలకోన అడవి, కొండరాళ్ల మీది అరుదైన మొక్కలు అన్నీ అటే ఉన్నాయి గనుక అందులో తప్పు లేదు. అయితే 2022 ఏప్రిల్ 4న తిరుపతి జిల్లా ఏర్పడినప్పుడు సూళ్లూరుపేట, తడ ప్రాంతాలు, వాటితో పాటు పులికాట్ సరస్సులో పెద్ద భాగం కూడా ఈ జిల్లాలోకే వచ్చాయి. ఉప్పునీటిలో, ఉప్పునేలలో బతికే రసభరిత మొక్కలను చూడడానికి ఇప్పుడు మరో జిల్లా దాటనవసరం లేదు. ఆ మొక్కలలో సుయేడా ప్రజాతిని ఎంచుకొని, దానిని ఒడ్డున ఎలా వెతకాలో, చేతిలోకి తీసుకున్నాక ఏ క్రమంలో పరిశీలించాలో, జాతి పేరు ఎప్పుడు రాయాలో, ఎప్పుడు రాయకూడదో ఈ మార్గదర్శిలో వివరిస్తున్నాను. డిగ్రీ స్థాయి వృక్షశాస్త్రం వచ్చినవారిని దృష్టిలో పెట్టుకున్నా, ఆసక్తి ఉన్న ఎవరైనా దీనిని అనుసరించవచ్చు.

మొదటి మెట్టు: ఒడ్డుకు వెళ్లకముందే తెలుసుకోవలసినది

సుయేడా ప్రజాతిలో ప్రపంచవ్యాప్తంగా 100కు పైగా జాతులు ఉన్నాయి. అరేబియా యాత్రకు వెళ్లి 1763లో యెమెన్‌లో మరణించిన పీటర్ ఫోర్స్కాల్ ఈ ప్రజాతిని గుర్తించాడు. స్వీడన్ వృక్షశాస్త్రవేత్త లిన్నేయస్ శిష్యుడైన ఆయన రాతప్రతులను సహయాత్రికుడు నీబూర్ 1775లో ప్రచురించాడు. పాత హెర్బేరియం (ఎండబెట్టిన మొక్కల నమూనాల సేకరణ) కాగితాల మీద ఈ మొక్కల కుటుంబం చీనోపోడియేసీ అని కనిపిస్తుంది. ఇప్పుడు చాలామంది ఆ కుటుంబాన్ని అమరాంథేసీలో కలిపి చూస్తున్నారు. అంటే తోటకూర, పాలకూర, బీట్‌రూట్ దీనికి దగ్గరి బంధువులు. ఈ చుట్టరికాన్ని గుర్తుంచుకుంటే పువ్వు నిర్మాణం త్వరగా అర్థమవుతుంది, ఎందుకంటే తోటకూర పువ్వును భూతద్దంలో చూసినవారికి సుయేడా పువ్వు పూర్తిగా కొత్తది కాదు.

ఆంధ్ర తీరంలో ప్రధానంగా చూడవలసినవి మూడు: సుయేడా మారిటిమా, సుయేడా న్యూడిఫ్లోరా, సుయేడా మోనోయికా. తీరప్రాంతంలో ఇలకూర అనే పేరు వీటిలో ఒకదానికే పరిమితం కాదు. కూరకు పనికివచ్చే చిన్న సుయేడాలను కలిపే అలా పిలుస్తారు గనుక, ఊరివారు చెప్పిన పేరును నోటుబుక్కులో తప్పక రాసుకోవాలి గానీ దానిని బట్టి జాతిని నిర్ణయించకూడదు.

ఈ ప్రజాతి విషయంలో ఒక్క సూత్రాన్ని ముందే స్థిరపరచుకోవడం మంచిది. ఆకు ఆ మొక్క నిలబడిన చోటును గురించి చెబుతుంది, పువ్వూ గింజా దాని వంశాన్ని గురించి చెబుతాయి. ఒకే జాతి మొక్క ఉప్పు ఎక్కువగా ఉన్న చోట పొట్టి, లావు, ఎర్రటి ఆకులతోనూ, వాననీరు నిలిచిన చోట పొడవు, సన్న, పచ్చటి ఆకులతోనూ కనిపిస్తుంది. ఫొటోలో ఆకు రంగును చూసి జాతి పేరు చెప్పే అలవాటు ఈ ప్రజాతి దగ్గర అసలు చెల్లదు.

రెండవ మెట్టు: కాలం, చోటు, అనుమతి

ఈశాన్య రుతుపవనాలు అక్టోబరు నుంచి డిసెంబరు వరకు సరస్సును నింపుతాయి. ఆ నెలలలో ఒడ్డు చాలావరకు మునిగి ఉంటుంది, బురదలో నడక కష్టం. నీరు వెనక్కి తగ్గే జనవరి నుంచి మార్చి వరకు వెళ్లడం అనువైనది. అప్పుడు ఒకే ఒడ్డు మీద నీటి అంచున లేత మొక్కలు, కాస్త పైన పూతకు వచ్చినవి, గట్టు మీద గింజ పట్టినవి దొరికే అవకాశం ఎక్కువ. మే నాటికి సరస్సు ఉత్తర భాగంలో నేల ఎండి పగుళ్లు తేలి, పైన తెల్లటి ఉప్పు పొర మిగులుతుంది. ఆ కాలంలో వెళ్తే ఉప్పు సంగతి అర్థమవుతుంది గానీ పువ్వులు దొరకడం కష్టం.

తిరుపతి నుంచి శ్రీకాళహస్తి, నాయుడుపేట మీదుగా సూళ్లూరుపేట దాదాపు 100 కిలోమీటర్లు. అక్కడి నుంచి శ్రీహరికోటకు వెళ్లే రోడ్డు సరస్సును అడ్డంగా కోసుకుంటూ పోతుంది. దానికి ఇరువైపులా ఉప్పునేల మొక్కలు రోడ్డు అంచు వరకు వస్తాయి. తడ వైపు ఒడ్డు కూడా మంచిదే. శ్రీహరికోట అంతరిక్ష కేంద్రం పరిసరాలలో భద్రతా నిబంధనలు ఉంటాయి గనుక కెమెరాను మొక్కల మీదకే పరిమితం చేయడం క్షేమం.

పులికాట్ పక్షుల అభయారణ్యం. 1972 నాటి వన్యప్రాణి సంరక్షణ చట్టం అక్కడ వర్తిస్తుంది. అటవీ శాఖ నుంచి రాతపూర్వక అనుమతి లేకుండా ఒక్క కొమ్మనైనా కోయకూడదు. విద్యార్థులు తమ కళాశాల వృక్షశాస్త్ర విభాగం ద్వారా దరఖాస్తు పెట్టుకోవాలి. అనుమతి రాకపోతే చూసి, కొలిచి, ఫొటోలు తీసుకొని రావచ్చు, చాలా పని అలాగే జరుగుతుంది. శీతకాలంలో ఫ్లెమింగోలు మేత మేసే చోట్లకు మొక్క కోసం దగ్గరగా వెళ్లడం మాత్రం ఏ అనుమతి ఉన్నా తగదు.

వెంట తీసుకుపోవలసినవి తక్కువే: పది రెట్లు పెద్దగా చూపే చేతి భూతద్దం, కొత్త బ్లేడు, స్కేలు, పెన్సిలు, మూత గట్టిగా పడే చిన్న సీసాలు, పాత వార్తాపత్రికలు, బురదలో ఊడిపోని బూట్లు, తాగునీరు. పెన్సిలు ఎందుకంటే ఉప్పుతేమ తగిలితే పెన్ను సిరా అలుక్కుపోతుంది.

మూడవ మెట్టు: సుయేడా కానివాటిని పక్కన పెట్టడం

ఒడ్డున దిగగానే కనిపించే కండగల మొక్కలన్నీ సుయేడాలు కావు. నీటికి అతి దగ్గరగా, ఆకులే లేనట్టు, కణుపు మీద కణుపు పేర్చినట్టున్న పచ్చటి కాడలు కనిపిస్తే అది సాలికోర్నియా గాని, మొదలు కర్రగా మారే టెక్టికోర్నియా గాని అయి ఉంటుంది. వాటిలో ఆకులు కాండానికే అంటుకొని కలిసిపోయి ఉంటాయి. సుయేడాలో ఆకు చిన్నదైనా విడిగా ఉండి, గిల్లితే ఊడి చేతికి వస్తుంది.

నేల మీద పాకుతూ, కణుపుకు రెండేసి ఎదురెదురు ఆకులతో, గులాబీ రంగు పువ్వులతో ఉన్నది వంగరెడ్డి కూర, అంటే సెసువియం. సుయేడాలో ఆకులు ఏకాంతరంగా, కణుపుకు ఒకటి చొప్పున ఉంటాయి, పువ్వుకు ఆకర్షించే రంగు ఉండదు. బూడిదరంగు నూగుతో చిన్న ఆకులు గల ఉప్పుశనగను కూడా కొత్తవారు సందేహిస్తారు గానీ దాని ఆకుకు కండ ఉండదు, కాబట్టి వేళ్లతో నలిపితే సందేహం తీరుతుంది.

మిగిలిన లక్షణాలు త్వరగా చూసుకోవచ్చు. ఆకుకు వృంతం (తొడిమ) ఉండదు లేదా లేశమాత్రంగా ఉంటుంది. ఆకు అడ్డుకోతలో గుండ్రంగా గాని, ఒకవైపు చదునై మరోవైపు ఉబ్బెత్తుగా గాని ఉంటుంది. ముళ్లు ఉండవు. పువ్వులు ఆకు గ్రీవంలో, అంటే ఆకు కాండాన్ని కలిసే మూలలో, చిన్న గుత్తులుగా కూర్చొని ఉంటాయి. ఈ నాలుగూ కలిసినప్పుడు సుయేడా అని తాత్కాలికంగా రాసుకొని ముందుకు సాగాలి.

నాల్గవ మెట్టు: ఆకును కోసి చూడడం

ఆకును నమ్మకూడదన్నాను గానీ చూడనవసరం లేదనలేదు. వంశం సంగతి ఎలా ఉన్నా, ఉప్పుతో ఈ మొక్క ఎలా నెగ్గుకొస్తుందో తెలిసేది ఆకులోనే.

మడచెట్లలో కొన్ని ఆకుల మీది గ్రంథుల ద్వారా ఉప్పును బయటకు పంపుతాయి. సుయేడాకు అలాంటి ఉప్పుగ్రంథులు లేవు. వేరు ద్వారా వచ్చిన సోడియంను, క్లోరైడును ఆకు కణాలలోని పెద్ద రిక్తికలలోకి (ద్రవం నిండిన సంచులలోకి) తోసి నిలవ చేస్తుంది. కణద్రవ్యంలోని ఎంజైములు అంత ఉప్పును భరించలేవు. అందుకని రిక్తికలో ఉప్పు పెరిగినప్పుడు దానికి దీటుగా కణద్రవ్యంలో గ్లైసిన్ బీటైన్ వంటి హానిచేయని పదార్థాలు పేరుకొని, నీటి సమతుల్యం చెడకుండా కాపాడతాయి. ఆకు లావెక్కడం కూడా ఈ ఏర్పాటులో భాగమే. లోపల నీరు పెరిగితే ఉప్పు గాఢత తగ్గుతుంది. ఎండబెట్టిన ఆకును కాల్చితే బూడిద పొడి బరువులో పావు వంతుకు మించి రావడం ఇలాంటి మొక్కలలో మామూలే. ఈ బూడిదలోని సోడా కోసమే ఒకప్పుడు వాయవ్య భారతంలో ఈ కుటుంబపు మొక్కలను కాల్చి సజ్జీ తయారుచేసేవారు.

పరిశీలనకు నిండుగా పెరిగిన ఆకును నడిమధ్యన కొత్త బ్లేడుతో ఒక్క వేటున అడ్డంగా కోయాలి. రెండుసార్లు కోస్తే కణాలు నలిగి నీరు కారి ఏమీ కనబడదు. కోసిన ముఖాన్ని వెలుగు వైపు పట్టి భూతద్దంలో చూడాలి. మోనోయికా ఆకులో అంచు వెంట ముదురు పచ్చని వలయం, దాని లోపల గాజులాంటి రంగులేని మధ్యభాగం స్పష్టంగా వేరుపడతాయి. మారిటిమాలో పచ్చదనం లోపలిదాకా ఇంచుమించు ఒకేలా పరచుకొని ఉంటుంది. ఈ తేడాకు కారణం కిరణజన్య సంయోగక్రియ. కార్బన్ డయాక్సైడును పట్టే పద్ధతిని బట్టి చూస్తే మారిటిమా సి-3 మొక్క, మోనోయికా సి-4 మొక్క. మొక్కజొన్న వంటి సి-4 మొక్కలలో ప్రత్యేక పచ్చకణాలు ప్రతి ఈనె చుట్టూ తొడుగులా ఉంటాయని పాఠ్యపుస్తకంలో చదువుతాం. మోనోయికాలో అలా కాక రెండు రకాల పచ్చకణాల పొరలూ ఆకు అంచు వెంట చుట్టుకొని, ఈనెలు మధ్యనున్న నీటినిల్వ కణజాలంలో ఉండిపోతాయి. ఒకే ప్రజాతిలో రెండు పద్ధతులూ ఉండడం, అవి చేతి భూతద్దానికి అందడం అధ్యాపకులకు చక్కటి అవకాశం. మధ్య ఆసియాకు చెందిన సుయేడా అరలోకాస్పికా అయితే ఈ సి-4 పనిని రెండు రకాల కణాల మధ్య పంచకుండా ఒకే కణంలో పూర్తిచేస్తుందని 2001లో వెల్లడైంది. అప్పటివరకు నేలమొక్కలలో అది అసాధ్యమనే భావన ఉండేది.

ఎండ పెరిగేకొద్దీ ఆకులు ఎర్రబడడం గురించి ఒక మాట. ఈ ఎరుపు మందారపు రంగు వంటిది కాదు, బీట్‌రూట్‌లో ఉండే బీటాసయనిన్ తరగతికి చెందినది. ఎర్రబడిన ఆకులను కొద్ది నీటిలో నలిపి, గుడ్డలో వడకట్టి, ఆ నీటిలో సున్నపు తేట కలిపితే రంగు పసుపుకు తిరుగుతుంది. వంకాయ తొక్క నీటితో అదే పని చేస్తే అది ఆకుపచ్చ, నీలం వైపు పోతుంది. ఈ పరీక్ష కుటుంబాన్ని సమర్థిస్తుంది, జాతిని చెప్పదు.

ఐదవ మెట్టు: పువ్వు

పని ఇక్కడే నెమ్మదించాలి. సుయేడా పువ్వు రెండు మూడు మిల్లీమీటర్లకు మించదు. గుత్తిలో మొగ్గ, పువ్వు, కాయ మూడూ పక్కపక్కనే ఉంటాయి, అందుకే ఒక్క పువ్వును చూసి ముగించకుండా గుత్తి మొత్తాన్ని విడదీయాలి. నల్లని కాగితం మీద ఒక నీటిబొట్టు వేసి, అందులో గుత్తిని ఉంచి, రెండు గుండుసూదులతో మెల్లగా విప్పడం సులువైన పద్ధతి.

మొదట పువ్వు అడుగున చూడాలి. అక్కడ తెల్లగా, పలుచగా, ఉల్లిపొర వలె పారదర్శకంగా రెండు చిన్న లఘుపుచ్ఛాలు, అంటే పువ్వు కింది పొరల వంటి చిట్టి ఆకులు, ఉంటాయి. వాటి అంచు కొద్దిగా చీలి ఉండవచ్చు. నల్లకాగితం అవసరమైంది వీటి కోసమే, తెల్లటి పళ్లెంలో అవి కంటికి ఆనవు. చీనోపోడియం వంటి దగ్గరి మొక్కలలో ఇవి ఉండవు, కాబట్టి ప్రజాతి నిర్ధారణకు వీటిని మించిన సాక్ష్యం ఒడ్డున దొరకదు.

ఆ తరువాత పరిపత్రాలు, అంటే రక్షక, ఆకర్షణ పత్రాలుగా విడిపోని పువ్వు రేకులు. అయిదు ఉంటాయి, పచ్చగా, కండగా, కింది భాగంలో కలిసి ఉంటాయి. కాయ దశలో ఇవి రాలిపోకుండా కాయను కప్పి ఉంచుతాయి. బంధువైన సాల్సోలాలో కాయ దశకు పరిపత్రాలకు వెడల్పైన రెక్కలు పుడతాయి, ఇక్కడ అలాంటి రెక్కలు కనబడవు. కేసరాలు అయిదు. అండాశయం పైన పుప్పొడిని పట్టే కీలాగ్రాలు సాధారణంగా రెండు లేక మూడు, కొన్ని జాతులలో అయిదు దాకా ఉంటాయి.

చివరగా లింగభేదం. ప్రతి గుత్తిలోనూ కేసరాలు, అండాశయం ఒకే పువ్వులో ఉన్నాయా, లేక కొన్ని పువ్వులలో పుప్పొడి మాత్రమే, మరికొన్నింటిలో అండాశయం మాత్రమే ఉన్నాయా అని వేరువేరుగా రాసుకోవాలి. మోనోయికాలో ఏకలింగ పుష్పాలు ఉంటాయి గనుక ఈ ఒక్క పరిశీలన చాలా సందేహాలను తీరుస్తుంది. ఒకే మొక్కలో కనీసం మూడు కొమ్మల నుంచి, వేర్వేరు ఎత్తుల నుంచి గుత్తులు చూడాలి, ఎందుకంటే పై కొమ్మల పువ్వులూ కింది కొమ్మల పువ్వులూ ఒకే దశలో ఉండవు.

ఆరవ మెట్టు: గింజ

కాయ పండినప్పుడు దాని పలుచని గోడ లోపల ఒకే గింజ ఉంటుంది. నల్లగా, నున్నగా మెరుస్తుంది. కొన్ని సుయేడా జాతులలో ఒకే మొక్క మీద నల్లవి, గోధుమరంగువి అని రెండు రకాల గింజలు పుడతాయి. గోధుమరంగువి త్వరగా మొలిస్తే నల్లవి ఆలస్యంగా మొలుస్తాయి. ఉప్పునేలలో వాన ఎప్పుడు పడుతుందో తెలియదు గనుక ఇది మొక్కకు మంచి ఏర్పాటే. అందువల్ల గింజ రంగును చూసి రెండు జాతులుగా విడదీయకూడదు.

గింజను రాత్రంతా మంచినీటిలో నానబెట్టి, ఉదయం భూతద్దం కింద సూదితో బీజకవచాన్ని మెల్లగా చీల్చాలి. లోపలి పిండం మురుకులా ఒకే తలంలో చుట్టలు చుట్టుకొని బయటపడుతుంది. సాలికోర్నియా పిండానికి ఇలాంటి చుట్టలు ఉండవు, అది మడత మాత్రమే పడి ఉంటుంది. సాల్సోలా పిండానికి చుట్టలు ఉంటాయి గానీ అవి నత్తగుల్లలా పైకి లేస్తాయి. పువ్వులు దొరకని వేసవిలో, రాలిన గుత్తుల నుంచి ఏరిన గింజతోనైనా ప్రజాతిని ఇలా నిర్ధారించవచ్చు.

గింజ పరిపత్రాల మధ్య నిటారుగా నిలబడి ఉందా, పడుకొని ఉందా అన్నది కూడా గింజను తీయకముందే రాసుకోవాలి. తీశాక ఆ సమాచారం మళ్లీ దొరకదు.

ఏడవ మెట్టు: మూడు జాతులను విడదీయడం

ఇంతవరకు రాసుకున్న వివరాలను ఇప్పుడు పక్కపక్కన పెట్టుకోవాలి. మనిషి ఎత్తుకు చేరే, మొదలు కర్రగా ఉన్న గుబురు పొద, ఏకలింగ పుష్పాలు, కోతలో స్పష్టమైన పచ్చని వలయం, ఇవి మూడూ కలిస్తే మోనోయికా. ఇది సాధారణంగా నీరు నిలవని గట్ల మీద, కాలువల అంచున, రోడ్డు కట్టల మీద పెరుగుతుంది. మోకాలి ఎత్తు దాటని మెత్తటి మొక్క, సన్నని మొనదేలిన ఆకులు, ఆకు గ్రీవాలలో ద్విలింగ పుష్పాల గుత్తులు, పడుకొని ఉన్న గింజ అయితే మారిటిమా. దీనిని లిన్నేయస్ 1753లో చీనోపోడియంలో చేర్చగా, 1827లో డుమోర్టియే సుయేడాలోకి తెచ్చాడు. న్యూడిఫ్లోరా మొదలు కర్రబారి నేలకు దగ్గరగా పరుచుకుంటుంది, పూతకొమ్మల చివరన ఆకులు బాగా కుదించుకుపోయి లేదా లేకుండా పోయి, గుత్తులు మాత్రమే కంకిలా వరుసగా కనిపిస్తాయి.

ఈ మూడింటిలో చిక్కు తెచ్చేది న్యూడిఫ్లోరానే. ఎండకు ఆకులు రాల్చిన ముదురు మారిటిమా కూడా ఆకుల్లేని కంకి వేసినట్టే ఉంటుంది. అప్పుడు పూతకొమ్మ మీద గుత్తుల అడుగున రాలిన ఆకుల మచ్చలు ఏ పరిమాణంలో ఉన్నాయో, మొదలు నిజంగా కర్రబారిందో లేదో చూడాలి. అప్పటికీ తేలకపోతే సుయేడా అని మాత్రమే రాసి జాతి స్థానాన్ని ఖాళీగా వదలాలి. ఖాళీగా వదిలిన పేరును తరువాత ఎవరైనా నింపగలరు, తప్పుగా రాసిన పేరును మాత్రం ఏళ్ల తరబడి నకలు చేస్తూ పోతారు.

ఎనిమిదవ మెట్టు: నమూనా తయారుచేయడం

అనుమతితో సేకరించిన కొమ్మను మామూలు పద్ధతిలో ప్రెస్‌లో పెడితే అది రోజుల తరబడి చావదు, ఆకులన్నీ రాలి కాడ మాత్రం మిగులుతుంది. అందుకే ముందుగా కొమ్మను మరుగుతున్న నీటిలో కొద్ది సెకన్లు ముంచి తీసి, నీరు ఒత్తి, అప్పుడు వార్తాపత్రికల మధ్య పెట్టాలి. మొదటి వారం రోజూ కాగితాలు మార్చాలి. ఎండినకొద్దీ సుయేడా నల్లబడుతుంది గనుక పచ్చిగా ఉన్నప్పటి రంగును, ఆకు కొలతను, పొద ఎత్తును సేకరించిన చోటనే రాయాలి. గుత్తులున్న చిన్న కొమ్మను 70 శాతం ఆల్కహాలులో విడిగా ఉంచితే పువ్వును ఎప్పుడైనా మళ్లీ విప్పి చూడవచ్చు. రాలిన గింజలను, ఆకులను పారేయకుండా చిన్న కాగితపు పొట్లంలో పెట్టి అదే షీటుకు అంటించాలి.

ఆకులలోని ఉప్పు గాలిలోని తేమను పీలుస్తుంది. వానాకాలంలో షీటు మెత్తబడి బూజు పట్టే అవకాశం ఉంది కాబట్టి ఈ షీట్లను ఇతర మొక్కల షీట్లతో కలపకుండా గట్టి కవరులో ఉంచడం మేలు. లేబులు మీద తేదీ, మండలం, నీటి అంచు నుంచి దూరం, నేల స్వభావం తప్పక ఉండాలి. వీలైతే అదే చోటి మట్టిని భూసార పరీక్షా కేంద్రానికి పంపి, ఉప్పు ఎంతుందో సూచించే విద్యుద్వాహకత తెలుసుకోవచ్చు. సంతృప్త సారంలో (మట్టిని నీటితో ముద్దచేసి దాని నుంచి తీసిన నీటిలో) మీటరుకు 4 డెసిసీమన్లు దాటితే దానిని ఉప్పునేలగా లెక్కిస్తారు, సముద్రపు నీటిది దాదాపు 50 ఉంటుంది. శ్రీ వెంకటేశ్వర విశ్వవిద్యాలయపు వృక్షశాస్త్ర విభాగంలో హెర్బేరియం ఉంది, నమూనాను అక్కడి షీట్లతో పోల్చి చూసుకున్నాకే పేరును స్థిరపరచడం సముచితం.

తొమ్మిదవ మెట్టు: ఇంటి దగ్గర కుండీలో పరీక్ష

ఆకు చోటును గురించి చెబుతుందన్న మాటను కళ్లారా చూడాలంటే మారిటిమా గింజలను పెంచడమే మార్గం. ఉప్పునేల మొక్క కదా అని గింజలకు ఉప్పునీరు పోయకూడదు. ఒడ్డున కూడా వాన పడి పైమట్టిలో ఉప్పు కడిగిపోయినప్పుడే ఇవి బాగా మొలుస్తాయి. అడుగున రంధ్రాలున్న కుండీలలో ఇసుక పోసి, మంచినీటితో మొలిపించి, నాలుగైదు ఆకులు వచ్చాక కుండీలను రెండు వరుసలుగా విడదీయాలి. ఒక వరుసకు మంచినీరే కొనసాగించాలి. రెండవ వరుసకు లీటరుకు 3 గ్రాముల కల్లుప్పుతో మొదలుపెట్టి, మూడు నాలుగు రోజులకొకసారి మరో 3 గ్రాములు పెంచుతూ 12 గ్రాముల దగ్గర ఆపాలి. రెండు వరుసలకూ నెలకు ఒకటి రెండుసార్లయినా కొద్దిగా ద్రవ ఎరువు ఒకే మోతాదులో ఇవ్వాలి, లేకపోతే ఇసుకలో పోషకాల కొరతను ఉప్పు ప్రభావంగా పొరబడతారు. పోసిన నీరు కింది రంధ్రాల నుంచి బయటకు రావాలి, లేకపోతే ఆవిరైన నీటి వెనుక ఉప్పు పేరుకొని గాఢత అదుపు తప్పుతుంది. ఆ కారిన నీటిని తోటమట్టిలోకి పోనివ్వకూడదు.

కొన్ని వారాల తరువాత రెండు వరుసల నుంచీ పైనుంచి లెక్కపెట్టి ఒకే కణుపు వద్ద ఉన్న పదేసి ఆకులు కోసి, తడి తుడిచి తూచి, ఎండబెట్టి మళ్లీ తూచాలి. ఉప్పునీటి వరుసలో ఆకులు పొట్టిగా, లావుగా ఉండి, పచ్చి బరువుకూ పొడి బరువుకూ మధ్య తేడా ఎలా మారిందో అంకెలలో కనిపిస్తుంది. మితమైన ఉప్పులో ఈ జాతి మంచినీటిలో కంటే ఏపుగా పెరుగుతుంది. రెండు కుండీల మొక్కలనూ పక్కపక్కన పెట్టి ఫొటో తీస్తే, పేరు తెలియనివారు వాటిని రెండు జాతులని చెప్పే అవకాశం ఎక్కువ. రెండూ పూతకు వచ్చాక ఒక్కొక్క గుత్తిని నల్లకాగితం మీద విప్పి, లఘుపుచ్ఛాలను, పరిపత్రాలను, గింజ నిలిచిన తీరును కొలిచి, రెండు వరుసల కొలతలనూ ఒకే పట్టికలో నమోదు చేసుకోవాలి.